అన్నయ్యకు కొత్త బాధ్యత, ఇంటిల్లిపాదికీ టెన్షన్

ప్రశ్న: మా అన్నయ్య కేథలిక్ గురువు. గురుపట్టాభిషేకమై ఇరవై ఏళ్లు దాటింది. ఈమధ్య బిషప్ గారు ఆయన్ని మేత్రాసనానికి (బిషప్ పరిధిలోని చర్చిలన్నిటికీ) ఎక్సార్సిస్టుగా, అంటే దయ్యాలు వదిలించే ఫాదర్‌గా నియమించారు. అప్పటి నుంచి ఇంట్లో ఎవరికీ మనశ్శాంతి లేదు. ‘పిశాచాలతో పెట్టుకుంటే అవి ఊరుకుంటాయా, వాడి మీద పగబడతాయి’ అని అమ్మ ఒకటే ఏడుపు. మా వారు పిల్లల్ని ఆయన దగ్గరికి పంపొద్దంటున్నారు. ఇది చాలదన్నట్టు పంతొమ్మిదేళ్ల మా పిన్ని కూతురు ఉన్నట్టుండి కళ్లు తేలేస్తోంది, చేతులు కొట్టుకుంటాయి, ఆ తర్వాత ఏదేదో మాట్లాడుతుంది. పిన్ని అదంతా వీడియో తీసి అర్ధరాత్రి అన్నయ్యకు పంపుతోంది. ‘ముందు డాక్టరుకు చూపించు పిన్నీ’ అంటాడాయన. ‘ఊళ్లోవాళ్లకు చేస్తాడు గానీ సొంతవాళ్లకు చెయ్యడా’ అని పిన్ని అలిగి మాట్లాడటం మానేసింది. అక్కడ ఏం జరుగుతుందని నేనడిగితే అన్నయ్య నోరు విప్పడు. మనిషి బక్కచిక్కిపోయాడు. మేమేం చేయాలి?
– ఒక చెల్లెలు

జవాబు: మిగతావన్నీ కాస్త ఆగినా పర్లేదు, మీ పిన్ని కూతురి విషయం ఆగదు. కళ్లు తేలేయడం, చేతులు కొట్టుకోవడం, తేరుకున్నాక కాసేపు పొంతన లేకుండా మాట్లాడటం అనగానే ఏ డాక్టరుకైనా మొదట తట్టేది ఫిట్స్. మెదడులో అది ఏ భాగంలో మొదలైందన్నదాన్ని బట్టి కొందరికి లేని వాసనలు వస్తాయి, లేని మాటలు వినిపిస్తాయి, చెప్పలేనంత భయం కమ్ముకొస్తుంది. చూసేవాళ్లకు ఇంకెవరో ఆవహించినట్టే ఉంటుంది. ఫిట్స్ కాకుండా, మనసు మోయలేని ఒత్తిడి ఒంట్లోంచి ఇలా బయటపడటమూ ఉంది. అది నటన కాదు, దానికీ చికిత్స ఉంది. ఏది ఏదో ఉత్తరం చదివి నేను చెప్పలేను, వీడియో చూసి మీ అన్నయ్యా చెప్పలేరు. న్యూరాలజిస్టు చూడాలి, ఈఈజీ (మెదడు తరంగాల పరీక్ష) తీయాలి, అవసరమనుకుంటే ఎంఆర్ఐ తీస్తారు.

పిన్ని తీసిన వీడియోలు మాత్రం ఊరికే పోవు. వాటిని చూపించాల్సింది డాక్టరుకి, అంతే. తల ఏ పక్కకు తిరిగింది, ముందు బిగుసుకున్నది ఏ చెయ్యి, ఆ సమయంలో కళ్లు తెరిచి ఉన్నాయా మూసుకున్నాయా, ఎన్ని నిమిషాలు సాగింది, తర్వాత మత్తుగా నిద్రపోయిందా? డాక్టరు అడిగేవి ఇవే, కంగారులో ఇంట్లోవాళ్లకు గుర్తుండనివీ ఇవే. మళ్లీ వస్తే పిల్లను ఒక పక్కకు తిప్పి పడుకోబెట్టమనండి. నోట్లో ఏదీ కుక్కకూడదు, కదలకుండా అదిమి పట్టుకోకూడదు. ఐదు నిమిషాలు దాటినా, తెలివి రాకుండానే మళ్లీ మొదలైనా వెంటనే ఆస్పత్రికి తీసుకెళ్లాలి. ఇంకో మాట. ఆ వీడియోలు బంధువుల వాట్సాప్ గ్రూపుల్లోకి వెళ్లి ఉంటే తీసేయించండి. రేపు చికిత్సతో ఆ అమ్మాయికి నయం కావచ్చు, ‘దయ్యం పట్టిన పిల్ల’ అన్న పేరు మాత్రం ఏ మందుకూ పోదు.

ఇక మీ అన్నయ్య ‘ముందు డాక్టరు’ అనడం గురించి. పిన్ని దాన్ని తప్పించుకోవడం అనుకుంటోంది. కానీ ఆయన తన పని తాను సరిగ్గా చేస్తున్నారు. 1983 నాటి శ్రీసభ (కేథలిక్ చర్చి) చట్టంలో 1172వ నియమం ప్రకారం, బిషప్ ప్రత్యేకంగా, స్పష్టంగా అనుమతి ఇవ్వనిదే ఏ గురువూ ఎవరి మీదా ఎక్సార్సిజం చేయకూడదు. భక్తి, చదువు, వివేకం, మచ్చలేని నడవడిక ఉన్న గురువుకే ఆ అనుమతి ఇవ్వాలని కూడా అందులోనే ఉంది. ఈ నాలుగింటిలో వివేకం అన్నదానికి ఇక్కడ చాలా బరువుంది. ఎందుకంటే కేథలిక్ నమ్మకాలను వివరించే సత్యోపదేశ గ్రంథం 1673వ పేరాలో, జబ్బు వేరు, ముఖ్యంగా మానసిక జబ్బు వేరు, దాన్ని చూడాల్సింది వైద్యశాస్త్రం అని తేల్చి చెప్పింది. ఎదుట ఉన్నది జబ్బు కాదని రూఢి చేసుకున్నాకే ప్రార్థన మొదలుపెట్టాలని గురువుకు చెప్పింది. 1614 నుంచి వాడిన పాత క్రమాన్ని సవరించి 1999 జనవరిలో వాటికన్ విడుదల చేసిన కొత్త ప్రార్థనా క్రమంలో కూడా వైద్యుల్నీ, మానసిక వైద్యుల్నీ సంప్రదించాలనే ఉంది.

దయ్యాలు ఉన్నాయా లేవా అన్న వాదనలోకి నేను దిగను, మీరు అడిగిందీ అది కాదు. కానీ సినిమాల్లో చూసినదాన్ని మనసులో పెట్టుకుని మీ ఇంట్లో అందరూ బెంబేలెత్తుతున్నారు కాబట్టి, ఆయన పని ఎలా ఉంటుందో కాస్త చెబుతాను. ఎక్కువ భాగం కుర్చీలో కూర్చుని వినడమే. ఎప్పుడు మొదలైంది, నిద్ర పడుతోందా, ఏ మందులు వాడుతున్నారు, మధ్యలో మానేశారా, ఇంట్లో ఈమధ్య ఎవరైనా పోయారా, ఎవరైనా కొడుతున్నారా, ఇంతకుముందు ఎవరెవరి దగ్గరికి తిరిగారు? ఇలాంటి ప్రశ్నలే. వచ్చేవాళ్లలో చాలామందికి దయ్యాన్ని వదిలించే ఆ పెద్ద ప్రార్థన అవసరమే రాదని ఎక్సార్సిస్టులే బహిరంగంగా చెబుతుంటారు. పాపసంకీర్తనం (గురువు దగ్గర పాపాలు ఒప్పుకోవడం), ఒక ఆశీర్వాదం, ఒక డాక్టరు పేరు, ‘రెండు వారాల తర్వాత రండి’ అన్న మాట... చాలాసార్లు వ్యవహారం అక్కడితో సరి. తెలియని భాషలో ధారాళంగా మాట్లాడటం, తెలిసే వీల్లేని సంగతులు చెప్పడం, వయసుకు మించిన బలం చూపడం లాంటి గుర్తుల్ని ప్రార్థనా క్రమమే ప్రస్తావించింది. అవి సూచనలే తప్ప రుజువులు కావని కూడా అందులోనే హెచ్చరించింది.

నిజంగా చేయాల్సి వచ్చినా అందులో ఉండేవి మీకు గుడిలో తెలిసినవే. గురువు మెడలో వేసుకునే ఊదా రంగు పట్టీ (స్టోలు), పవిత్ర జలం, సకల పునీతుల ప్రార్థన, కీర్తన, సువిశేష పఠనం, తల మీద చేతులుంచడం, విశ్వాస సంగ్రహం, పరలోక జపం, సిలువ. చివర్లో దేవుణ్ణి వేడుకునే ప్రార్థన. పిశాచాన్ని ‘వెళ్లిపో’ అని ఆజ్ఞాపించే ప్రార్థన ఒకటుంది గానీ, వేడుకోలు లేకుండా దాన్ని ఒంటరిగా వాడకూడదు. తతంగం జరుగుతుండగా పత్రికలవాళ్లనూ కెమెరాలనూ రానివ్వకూడదు, దాన్ని తమాషా చేయకూడదు, జరిగింది బయట చెప్పుకోకూడదు. మీ అన్నయ్య నోరు విప్పకపోవడానికి కారణం ఇదే. మీ మీద నమ్మకం లేక కాదు. అవతల ఉన్నది ఎవరో ఒకరి కూతురు, ఎవరో ఒకరి భార్య. ఆ వివరాలు అడగడం మానేయండి.

పిన్ని మెత్తబడకపోతే ఈ సంగతి చెప్పండి. జర్మనీలో అన్నెలీజ మిషెల్ అనే కాలేజీ అమ్మాయి ఉండేది. మూర్ఛ ఉందని డాక్టర్లు చెప్పారు, మందులూ వాడింది. ఆ తర్వాత ఇంట్లోవాళ్లు దయ్యమని నమ్మారు. బిషప్ అనుమతితో ఇద్దరు గురువులు 1975 సెప్టెంబరు నుంచి దాదాపు పది నెలల్లో 67 సార్లు ఎక్సార్సిజం చేశారు. ఆ పిల్ల తిండి మానేసింది. 1976 జులై 1న, 23 ఏళ్ల వయసులో, తిండీ నీళ్లూ ఒంటికి అందక చనిపోయింది. 1978లో కోర్టు తల్లిదండ్రుల్నీ, ఆ ఇద్దరు గురువుల్నీ నిర్లక్ష్యంతో ప్రాణం పోవడానికి కారకులని తేల్చింది. ఆరేసి నెలల జైలు శిక్ష వేసి, దాని అమలును నిలిపి ఉంచింది. వాళ్లెవరూ ఆ అమ్మాయికి చెడు తలపెట్టిన వాళ్లు కారు. అందరికీ ఆమె మీద ప్రేమే. ‘సొంతవాళ్లకు చెయ్యడా’ అంటున్న పిన్నికి మీ అన్నయ్య అడ్డుపడుతున్నది సరిగ్గా ఇలాంటి చోటే. అయినా ఆమె పట్టుబడితే, తన విచారణ గురువు (తమ చర్చిని చూసుకునే ఫాదర్) ద్వారా, డాక్టరు రిపోర్టులతో రమ్మనండి. అప్పుడైనా చుట్టరికాలూ వావివరసలూ అడ్డురాని ఇంకో గురువు చూడటం నయం. దీని గురించి పిన్నితో మీరు మాట్లాడండి, అన్నయ్య మీదికి నెట్టకండి.

మీ అమ్మగారి భయాన్ని వాదించి పోగొట్టలేరు. ఆవిడకు చెప్పడానికి ఒక పెద్దాయన కథ ఉంది. రోములో గాబ్రియేలె అమోర్త్ అనే గురువు 1986లో, అరవై దాటాక ఈ బాధ్యత తీసుకున్నారు. వేల మందికి ప్రార్థన చేశారు, పుస్తకాలు రాశారు, టీవీలో మాట్లాడారు, జోకులు వేశారు. 2016 సెప్టెంబరులో 91 ఏళ్లకు ఆస్పత్రిలో కన్నుమూశారు. పగబట్టినవేవో ఉంటే చాలా నెమ్మదస్తులై ఉండాలి మరి! పైగా మీ అన్నయ్య ఒంటరిగా చేస్తున్న సాహసం కాదిది. అమోర్త్ లాంటి వాళ్లు మొదలుపెట్టిన అంతర్జాతీయ ఎక్సార్సిస్టుల సంఘం నిబంధనావళిని 2014లో వాటికన్ ఆమోదించింది. రోములో 2005 నుంచి దీనికి కోర్సే నడుస్తోంది. అమ్మకు అంతకన్నా పని చేసే మందు, అన్నయ్య వారానికోసారి ఇంటికొచ్చి ఆవిడ ముందు కూర్చుని కడుపునిండా భోంచేయడం. ఆ పూట ఈ ఊసే ఎత్తొద్దు.

మీ వారిది ఇంకో రకం భయం. ఆయన పిల్లల తండ్రి, జాగ్రత్తపడితే తప్పు పట్టలేం. ‘మూఢనమ్మకం’ అని తీసిపారేయకండి. నిజానికి మీ పిల్లల జ్ఞానస్నానంలోనే గురువు చిన్నపాటి ఎక్సార్సిజం ప్రార్థన చదివి ఉంటారు, ఆ రోజు మీ వారు పక్కనే నిలబడి ఉంటారు. ఆ మాట గుర్తుచేయండి. దాంతోపాటు ఒక కట్టుబాటు మీరే పెట్టండి. ఆ పని మీద వచ్చేవాళ్లను కలిసే చోటికి పిల్లలు వెళ్లరు, ఆ కబుర్లు వాళ్ల చెవిన పడవు, మామయ్యను కలవడం ఎప్పుడూ ఇంట్లోనే. దీనికి మీ అన్నయ్య ఒక్క క్షణం కూడా ఆలోచించకుండా ఒప్పుకుంటారు, చూడండి.

నన్ను ఎక్కువ ఆలోచింపజేసింది మాత్రం, మీరు ఉత్తరం చివర్లో ఒక్క ముక్కలో రాసిన ‘బక్కచిక్కిపోయాడు’ అన్న మాట. ఎక్సార్సిస్టుగా నియమించినంత మాత్రాన ఆయనకు మామూలు పని తగ్గదు. పూజలు, పెళ్లిళ్లు, సమాధి కార్యక్రమాలు, లెక్కాడొక్కా అన్నీ ఉంటాయి, వాటిమీద ఇది. రోజూ ఎవరో ఒకరి ఘోరమైన కష్టం వినాలి, ఎవరితోనూ పంచుకోకూడదు. అర్ధరాత్రి ఫోన్లు. సొంతవాళ్ల అలకలు. దీనికి ఏ పిశాచమూ అక్కర్లేదు, ఎవరైనా చిక్కిపోతారు. వచ్చినవాళ్ల గురించి అడగొద్దన్నాను గానీ, ఆయన గురించి అడగొద్దనలేదు. రాత్రి ఎన్నింటికి పడుకుంటున్నావు? వారంలో ఒక రోజైనా ఫోన్ ఆపేస్తున్నావా? ఇవన్నీ మనసు విప్పి చెప్పుకోవడానికి నీకో పెద్ద గురువు ఉన్నారా? ఆడవాళ్లు వచ్చినప్పుడు పక్కన ఇంకో ఆడమనిషి ఉంటోందా? చివరిది ఆయన పరువుకూ, వచ్చినవాళ్ల రక్షణకూ సంబంధించింది కాబట్టి మొహమాటపడకుండా అడగండి. వీలైతే షుగరు, థైరాయిడ్ పరీక్షలు కూడా చేయించండి. బరువు తగ్గడానికి చాలా మామూలు కారణాలుంటాయి.

ఇన్ని చేసినా రెండు మూడు నెలల్లో మనిషి తేరుకోకపోతే, బిషప్ గారితో మాట్లాడమని చెప్పండి. సాయానికి ఇంకో గురువును ఇవ్వమని అడగొచ్చు, కొన్నాళ్లు విరామం కోరవచ్చు, ఈ బాధ్యత వద్దని కూడా చెప్పవచ్చు. అది గురుత్వాన్ని వదులుకోవడం కాదు. బిషప్ ఇచ్చిన అనుమతిని బిషప్ వెనక్కి తీసుకోవచ్చు, మీ అన్నయ్య మళ్లీ మామూలు విచారణ గురువుగా తన పని తాను చేసుకోవచ్చు.