ఇనుప మూకుట్లో మిగిలిన పులుసు ఉంచేయొచ్చా?

మిగిలిన పులుసు మూకుడుతో సహా ఫ్రిజ్‌లో పెట్టెయ్యొచ్చా, మూకుడికి తుప్పెందుకొస్తోంది అనడిగారు కదా, నేనూ చేశానండి ఆ పని. మాది ఒడిశాలోని పర్లాకిమిడి. పెళ్లైన కొత్తలో ఓ రాత్రి చేపల పులుసు మిగిలితే ఇంకో గిన్నె తోమాలన్న బద్ధకంతో మూకుట్లోనే మూతెట్టి వదిలేశా, పొద్దున్న చూస్తే పులుసు నల్లగా, నోట్లో పెడితే మేకు నాకినట్టు, మూకుడు లోపల నల్లటి పొర అక్కడక్కడా లేచిపోయి ఉంది. అది మా ఆయన పుట్టకముందు కొన్న మూకుడు. మా అత్తమ్మ ఏమీ అనలేదు, అదే పెద్ద తిట్టు.

మూకుడు లోపలి ఆ నల్లటి పొర మురికి కాదండి, నూనె వేడికి గట్టిపడి ఇనుముకి అతుక్కున్నది. చింతపండు, టమాటా పులుపు రాత్రంతా నానితే దాన్ని తినేసి ఇనుముని కూరలోకి లాగేస్తుంది. పైగా దళసరి ఇనుము తొందరగా చల్లారదు, లోపల కూర గంటలకొద్దీ గోరువెచ్చగా ఉంటుంది, పాడవ్వడానికి అంతకన్నా ఏం కావాలి. అందుకే తినడం అవ్వగానే వెడల్పాటి స్టీలు గిన్నెలోకి తీసేసి 2 గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టేయండి. అన్నం విషయంలో ఇంకా జాగ్రత్త, రాత్రంతా బయటుంచి పొద్దున్న వేడి చేస్తే సరిపోతుందిలే అనుకోవద్దు, అందులో పెరిగే బాసిలస్ సీరియస్ అనే బ్యాక్టీరియా వదిలిన విషం వేడికి పోదు. పక్కింటి ఒడియా ఆవిడ చేసే పఖాళ (నీళ్లు పోసి నానబెట్టిన అన్నం) లెక్క వేరు, అది నీళ్లల్లో పులిసి పుల్లబడుతుంది.

ఇక తుప్పు. ఉప్పూ కొబ్బరిపీచూ వేసి రుద్దండి, మొండి తుప్పైతే చింతపండు గుజ్జు రాసి కాసేపుంచి కడిగేయండి (పొరని తినేసిన చింతపండే ఇక్కడ పనికొచ్చింది చూడండి). గుడ్డతో తుడిచి ఊరుకోకుండా పొయ్యి మీద పెట్టి తడి పూర్తిగా ఆరనివ్వండి, ఇక్కడి వానాకాలంలో ఒక్కరోజు తడుంటే చాలు ఎర్రబడుతుంది. తర్వాత చెంచాడు నూనె కూడా ఎక్కువే, నాలుగు చుక్కలు రాసి మళ్లీ తుడిచేసి పొగొచ్చేదాకా కాల్చండి. చల్లారాక ఇంకో మూడుసార్లు అలాగే. నూనె ఎక్కువైతే జిడ్డుగా బంక కడుతుంది, నాకు మొదటిసారి అదే అయింది.

అంట్లు తోమే లిక్విడ్ కొంచెం వాడితే ఏం కాదు, నానబెట్టడమే వద్దు. మా మూకుడు రెండు నెలల్లో మళ్లీ నల్లబడింది, వేపుళ్లు, బూరెలు దాంట్లోనే. పులుసుకి మాత్రం మట్టి దాక కొనుక్కున్నా.