ఆ ఫ్లాష్‌బ్యాక్ తీసెయ్యి

నాయనా,

నీ స్క్రిప్టు ఇంటర్వెల్ దాకా నన్ను పడుకోనివ్వలేదు. ఆ తర్వాత ఫ్లాష్‌బ్యాక్‌లో నీ విలన్ సవతితల్లి వచ్చింది. చిన్నప్పుడు వాణ్ణి బెల్టుతో కొట్టింది, చీకటి గదిలో పెట్టి గడియ వేసింది. నాకు ఒళ్లు మండింది.

ఎందుకయ్యా అదంతా? అమ్మాయి గొంతు పట్టుకున్నవాడి కన్నీళ్లు తుడవడానికి అన్ని పేజీలా? ఆ అమ్మాయి ఏం పని చేస్తుందో మాత్రం ఎక్కడా రాయలేదు! ఈ మధ్య ప్రతి సైకో ప్రేమికుడికీ ఒక విషాద బాల్యం కావాలంటున్నారు. నాకు గిట్టదు.

1993లో వచ్చిన హిందీ సినిమా ‘డర్’లో షారుఖ్ ఖాన్ కత్తితో ఛాతీ మీద తాను వెంటాడే కిరణ్ పేరు చెక్కుకుంటే, జనం జాలిపడ్డారు. హీరో సన్నీ డియోల్ అయినా చప్పట్లు ఇతనికే పడ్డాయి. 1996 నాటి హాలీవుడ్ సినిమా ‘ఫియర్’లో మార్క్ వాల్‌బర్గ్ కూడా ప్రేయసి పేరు అలాగే చెక్కుకుంటాడు. కానీ ఆమె స్నేహితుణ్ణి కౌగిలించుకుందని అతణ్ణి చితకబాది, అడ్డొచ్చిన ఆమె కంటికే గాయం చేసినప్పుడే మనం ఎవరి పక్షమో తేలిపోతుంది.

భయం వాడి గతంలో లేదు, ఆమె దినచర్యలో ఉంది. ‘స్లీపింగ్ విత్ ది ఎనిమీ’లో జూలియా రాబర్ట్స్ చచ్చిపోయినట్టు నమ్మించి భర్త నుంచి పారిపోతుంది. తువ్వాళ్లు కూడా అంచులు కలిసి ఉండాలని పీడించే భర్త వాడు. కొత్త ఊరు, కొత్త పేరు. ఒక రాత్రి స్నానాలగదిలో తువ్వాళ్లు అంచులు కలిపి సమంగా వేలాడుతుంటాయి. అంతే! వాడు వచ్చేశాడు. కత్తి లేదు, కేక లేదు. నువ్వు కూడా అలాంటిది ఒకటి రాశావు: లిఫ్టులోనే ఆమె ఫోనులో కాల్స్ చెరిపేసుకోవడం. బాగుంది.

ఒకప్పుడు నేను, బస్‌స్టాపులో రోజూ గొడుగు పట్టుకుని ఒకమ్మాయి కోసం కాపుకాసేవాడి కథ రాశాను. అది హడలగొట్టే కథ. వారపత్రిక సంపాదకుడు నన్నడగకుండా చివర్లో వాళ్లిద్దరికీ పెళ్లి చేసి అచ్చువేశాడు. పాఠకులు శుభాకాంక్షలు పంపారు! ఆయన పోయినా నా కోపం పోలేదు. ఇప్పటి నిర్మాతలు ఇంకా ఘనులు, విలన్‌కు విరహగీతం అడుగుతారు.

క్లైమాక్స్‌లో వాన ఉండాలా అని అడిగావు. తర్వాత చూద్దాం.

మరొకటి. నీ ఎస్సై ‘వెంటపడితే కేసు ఉండదమ్మా’ అంటాడు. 2013లోనే అది భారతీయ శిక్షాస్మృతి 354-డి కింద నేరమైంది, ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో సెక్షన్ 78. తెలియక అన్నాడా, తప్పించుకోవడానికి అన్నాడా? తప్పించుకోవడానికే అయితే ఆ మాట ఉంచు. ఆ సెక్షన్ నంబరు మాత్రం ఆమె చేతే చెప్పించు.