గోస్తని ఒడ్డున టెంట్లు వేయొచ్చా?

ప్రశ్న: సండే వస్తే మేం నలుగురం బైకులేసుకుని గోస్తని ఏటి మీదున్న కటికి జలపాతానికి పోతాం సార్. ఈసారి మా కొలీగ్ ఒకడు, గోస్తని ఒడ్డున టెంట్లు, రాఫ్టింగ్ పెడితే అక్కడి కుర్రాళ్ళకి పనులు దొరుకుతాయి కదా అన్నాడు. మా అన్నయ్యేమో కొండల్ని వదిలేయండ్రా బాబూ అంటాడు. ఎవరిది రైటు?
- ఒక పాఠకుడు, మధురవాడ

జవాబు: మీ అన్నయ్య వైపే మొగ్గుతాను తమ్ముడూ. అనంతగిరి కొండల్లో పుట్టి బొర్రా గుహల దగ్గర్నించి దిగొచ్చే ఆ గోస్తనే తాటిపూడి రిజర్వాయర్లో ఆగుతుంది, మన వైజాగ్ కుళాయిల్లోకి కొంత నీరు అక్కణ్ణించే వస్తుంది, ఆపైన ఏరు భీమిలి దగ్గర సముద్రంలో కలుస్తుంది. మొన్న నేను కటికి వెళ్తే జలపాతం కింద గుంటలో ఒకాయన తలంటుకుంటున్నాడు, నురగ అలా తేలుకుంటూ కిందకి పోతోంది, పక్కన రాయికి రూపాయి షాంపూ ప్యాకెట్లు నాలుగు అతుక్కుని ఉన్నాయి. పగటిపూటే ఇలా ఉంటే రాత్రి టెంట్లేస్తే వాళ్ళ బాత్రూములు ఎటు పోతాయి?

ఇక డెవలప్‌మెంట్ అంటారా, ఆ మాట బొర్రా వాళ్ళు ఎప్పుడో విన్నారు. అక్కడ గిరిజన గ్రామాల్లో మైనింగ్ లీజులిస్తే సమత సంస్థ కోర్టుకెళ్ళింది, ఏజెన్సీలో ప్రభుత్వ భూమైనా సరే గిరిజనేతరులకి లీజుకివ్వకూడదని 1997లో సుప్రీంకోర్టు చెప్పింది. అందుకే మీ కొలీగ్‌ని ఒక్కటడగండి, టెంట్లు ఎవరివి, గల్లాపెట్టె దగ్గర కూర్చునేదెవరు అని. సిటీ నుంచి వచ్చినాయన ఓనరై అక్కడి కుర్రాడు ప్లేట్లు కడిగేదైతే నాకొద్దు. ఊళ్ళోవాళ్ళే గ్రామసభలో తేల్చుకుని, ఏటికి దూరంగా తమ ఇళ్ళ దగ్గర రెండు గదులు వేసి మనకి అద్దెకిస్తే మాత్రం నేనే మొదట బుక్ చేస్తా, బొంగు చికెన్ కూడా వాళ్ళ దగ్గరే తింటా (అది అంత దూరం వెళ్ళి తినాల్సిందే లెండి).

రాఫ్టింగ్ సంగతి మర్చిపోండి. రాళ్ళ మధ్య పారే ఏరు అది, పైన కొండ మీద వాన పడితే కింద ఎండ కాస్తున్నా నీళ్ళు ఒక్కసారి పెరుగుతాయి. 2019 సెప్టెంబర్లో కచ్చులూరు దగ్గర వరద గోదావరిలో టూరిస్టు బోటు మునిగింది గుర్తుందిగా, అంత పెద్ద బోటే ఆగలేదు.

మీరు నలుగురూ మాత్రం సండే వెళ్ళండి, మునగండి, షాంపూ ఇంటికొచ్చి పెట్టుకోండి.