నల్లగొండ, పాలమూరు వైపు ఒక్కరోజులో ఎక్కి దిగదగ్గ గుట్టలేవి?

మొదటిసారైతే భువనగిరి కోటకే వెళ్లండి. పాత నల్లగొండ జిల్లాలోదే. కోటంతా ఒకే బండ మీద ఉంటుంది, ఎత్తు దాదాపు 500 అడుగులు. కింద మెట్లున్నాయి గానీ, పైకెళ్లే కొద్దీ నున్నటి బండ మీదే నడవాలి. వానపడ్డాక ఆ బండ మీద కనిపించే నల్లటి చారలు నీళ్లు జారిన దారులు. నాచు పట్టి ఉంటాయి, వాటి మీద అడుగు వేయొద్దు. దిగేటప్పుడు అడ్డంగా, పాదమంతా ఆనించి దిగండి.

జనం తక్కువుండాలంటే దేవరకొండ. రేచర్ల పద్మనాయక రాజుల కోట, ఏడు గుట్టల నడుమ ఉంటుంది. నాకు ఇదే ఎక్కువ ఇష్టం. కంపచెట్లు గీసుకుంటాయి, నిండు ప్యాంటు వేసుకోండి. పాలమూరు పక్కన కోయిలకొండ కోట కూడా ఉంది.

నల్లమల సంగతి వేరు. అమ్రాబాద్ పులుల అడవి, అనుమతి లేకుండా కాలినడకన లోపలికి పోవద్దు. ఆ అడవి లోపలి సలేశ్వరం శివుడి జాతర చైత్ర పౌర్ణమి రోజుల్లోనే జరుగుతుంది.

ఎండాకాలం మాత్రం వద్దే వద్దు. బండ పగలంతా వేడి పీల్చుకుని, పొద్దుగూకాక కూడా సెగ కక్కుతూనే ఉంటుంది. కార్తీకం నుంచి మాఘం దాకా మంచి కాలం. అప్పుడైనా మనిషికి మూడు లీటర్ల నీళ్లు పట్టుకెళ్లండి. కోటల్లోని గుండాల నీళ్లు తాగడానికి పనికిరావు.