ఎవరికీ కనపడని పని అని బెంగా?

ప్రశ్న: మా అమ్మాయికి 18 ఏళ్లు. చదువులో ఫర్వాలేదు. రెండేళ్లుగా మాత్రం ఫోన్లో వీడియోలు కట్ చేయడమే లోకం. సినిమాల్లోనో టీవీలోనో ఎడిటర్‌నవుతానని పట్టుబట్టింది. ఆరు నెలల కోర్సు మంచిదా, మూడేళ్ల డిగ్రీ మంచిదా? ఏఐ వచ్చాక అసలు ఈ పని మిగులుతుందా? ఎవరికీ కనపడకుండా చీకటి గదిలో కూర్చునే పని కదా, అదీ మా బెంగ.

జవాబు: కోర్సుల పోలిక అడిగారు గానీ, మీ మనసులో మాట చివర్లో బయటపడింది. ఈ ప్రశ్న ఏ రూపంలో వచ్చినా అడుగున ఉండేది అదే: నలుగురిలో ఏమని చెప్పుకోవాలి? సూటిగా అంటున్నానని ఏమీ అనుకోకండి, ఆ బెంగ మీది, పిల్లది కాదు.

కట్, అంటే ఒక షాట్ నుంచి ఇంకో షాట్‌కు మారే చోటు, కనపడకపోవడమే ఈ పనిలో పనితనం. కావాలని చేసిన చోట తప్ప, ‘ఇక్కడ కట్ పడింది’ అని ప్రేక్షకుడికి తెలిసిందంటే ఏదో తేడా కొట్టినట్టే. ఆడపిల్లకు చీకటి గది ఎందుకన్నది మీరు రాయలేదు గానీ అర్థమైంది. మూకీల కాలం నుంచీ ఆ గదిలో ఆడవాళ్లున్నారు. ఫిల్ము ముక్కలు అతికించే పనితో మొదలుపెట్టిన మార్గరెట్ బూత్ హాలీవుడ్‌లోని ఎంజీఎం స్టూడియోలో ఎడిటింగ్ మొత్తాన్నీ పర్యవేక్షించే స్థాయికి ఎదిగి, 1968 దాకా అక్కడే పనిచేశారు. అమెరికన్ ఎడిటర్ థెల్మా స్కూన్‌మేకర్ ఎడిటింగ్‌కే మూడు ఆస్కార్లు అందుకున్నారు.

నిజంగా బెంగపడాల్సింది వేరే ఉంది. ఆరు నెలల కోర్సుల మీద నాకు గట్టి అనుమానాలున్నాయి. చాలావాటిలో నేర్పేది మీటలే: ఈ ఎఫెక్ట్ ఎక్కడుంది, ఆ ట్రాన్సిషన్ ఎలా వేయాలి. మీటలు మారిపోతాయండీ. 2011లో ఫైనల్ కట్ ప్రో అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ కొత్త రూపంలో వచ్చినప్పుడు పాత ప్రాజెక్టులు అందులో తెరుచుకోలేదు. ఎంతోమంది ఎడిటర్లు వేరే సాఫ్ట్‌వేర్‌కు మారిపోయారు. కట్ ఎక్కడ పడాలో తెలిసినవాళ్లకు అది కొంతకాలం చికాకు, అంతే. మీటలే విద్య అనుకున్నవాళ్లకు మళ్లీ మొదటి పాఠం. కోర్సు చివర్లో చేతికొచ్చే షోరీల్ (పనితనం చూపించుకునే చిన్న వీడియో) కూడా పాట దరువుకు దబదబా మారే షాట్ల వరసే. ఇద్దరు మాట్లాడుకునే రెండు నిమిషాల సీను సంగీతం లేకుండా కట్ చేసి చూపించమంటే తేలిపోతుంది.

పైగా మొదటి ఉద్యోగం ఎడిటర్‌ది కాదు, అసిస్టెంట్‌ది. షూటింగ్ నుంచి వచ్చిన కెమెరా మెమరీ కార్డును కనీసం రెండు డ్రైవుల్లోకి, చెక్‌సమ్ (కాపీ అసలుతో అచ్చంగా సరిపోయిందో లేదో తేల్చే లెక్క) సరిచూసే సాఫ్ట్‌వేర్‌తో కాపీ చేయాలి. మౌస్‌తో లాగి పడేస్తే, మధ్యలో పాడైన ఫైలు ఏ వారానికో బయటపడుతుంది. అప్పటికి కార్డు చెరిపేసి ఉంటారు. కెమెరా పెట్టిన ఫైలు పేరు మార్చకూడదు. మారిస్తే, ప్రాక్సీలతో, అంటే ఫుటేజీకి తేలికపాటి నకళ్లతో, చేసిన కట్‌ను చివర్లో అసలు ఫుటేజీకి కలిపేటప్పుడు ఫైళ్లు దొరక్క ప్రాణం మీదికొస్తుంది.

తర్వాత క్లాప్ పడిన ఫ్రేము పట్టుకుని, విడివిడిగా రికార్డయిన బొమ్మకూ ధ్వనికీ జత కుదర్చాలి. సెకనుకు 24 ఫ్రేములతో తీసినదాన్ని సెకనుకు 23.976 ఫ్రేముల టైమ్‌లైన్‌లో (సాఫ్ట్‌వేర్‌లో షాట్లు వరసగా పేర్చే పట్టీ) ఫ్రేముకు ఫ్రేముగా పరిచి, ధ్వనిని అలాగే వదిలేశారనుకోండి. క్లాప్ దగ్గర అంతా చక్కగానే ఉంటుంది. పది నిమిషాల ఇంటర్వ్యూ చివరికి వచ్చేసరికి పెదవికీ మాటకూ మధ్య 0.6 సెకను, అంటే సుమారు 14 ఫ్రేముల ఎడం. రెండు మూడు ఫ్రేములు జారినా అలవాటైన కన్ను పట్టేస్తుంది. కొత్తవాళ్లు ధ్వనిని చేత్తో జరుపుతూ కూర్చుంటారు, అది కాసేపటికి మళ్లీ జారుతుంది. తప్పు సెట్టింగ్‌లో ఉందని కనిపెట్టే అసిస్టెంట్‌ను ఏ ఎడిటరూ వదులుకోరు.

ఏఐ ఎడిటర్‌ను మింగేస్తుందని నేననుకోను. పది టేకుల్లో నటుడు కాస్త తడబడినదే సీనుకు సరైనదని తేల్చి, పక్కన కూర్చున్న డైరెక్టర్‌ను ఒప్పించడం మనిషి పని. కానీ మాటల్ని అక్షరాల్లోకి దించడం, ఖాళీలు తీసేయడం, ఫుటేజీ వేరుచేయడం చాలావరకు సాఫ్ట్‌వేర్ చేతికి పోతోంది. కొత్తవాళ్లు ఎక్కే తొలి మెట్లు అవే, అవి సన్నబడుతున్నాయి. దీనికి నా దగ్గర తియ్యటి జవాబు లేదు. సింక్ (బొమ్మకూ ధ్వనికీ జత కుదర్చడం), ధ్వని శుభ్రం చేయడం, లాకయిన, అంటే ఇక మార్పుల్లేవని ఖాయం చేసిన కట్‌ను శబ్దం, రంగుల విభాగాలకు తప్పుల్లేకుండా అప్పగించడం వచ్చినవాళ్లు నిలదొక్కుకోగలరు. ప్రాజెక్టుకూ ప్రాజెక్టుకూ మధ్య ఆదాయం ఆగుతుంది కాబట్టి ఆరు నెలల ఖర్చు చేతిలో ఉండాలి. టీవీలో పని కాస్త నిలకడ, గడువులు మాత్రం ఊపిరాడనివ్వవు.

ఇంతకీ, రెండేళ్లుగా అమ్మాయి ఏం కట్ చేస్తోందో ఒక్కసారైనా పక్కన కూర్చుని చూశారా? చూడకుండానే భయపడటం న్యాయం కాదు. డావిన్చీ రిజాల్వ్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఉచితంగానే దొరుకుతుంది. మూడు నిమిషాల సంభాషణను మూడు కోణాల్లో, కోణానికి నాలుగు టేకుల చొప్పున తీయమనండి. 36 నిమిషాల ఫుటేజీ అవుతుంది. సంగీతం లేకుండా మూడు కట్లు చేయాలి: ఒకటి మొదటి మనిషి వైపు మొగ్గేలా, ఒకటి రెండో మనిషి వైపు, ఒకటి 90 సెకన్లలో. రెండో కట్‌కే విసుగొస్తే అది సరదా. మూడోది చేశాక మొదటిదాన్ని మళ్లీ తెరిచి దిద్దుతోందంటే మీరు నిశ్చింతగా ఉండొచ్చు.

ఫీజు మాట ఆ తర్వాతే. నా మొగ్గు డిగ్రీ వైపే, అదీ కెమెరా, దర్శకత్వం చదివేవాళ్లు అక్కడే ఉంటేనే. ఎక్కడ చేర్చినా ఒకటే అడగండి: చదువు ముగిసేలోపు ఇతరులు తీసిన కథలు ఎన్ని కట్ చేయిస్తారు? సంఖ్య చెప్పకుండా సాఫ్ట్‌వేర్ల జాబితా చదివితే లేచి వచ్చేయండి.