వంటింటి సందేహాలు: పొయ్యి మీద పలుకుగా, ఓవెన్‌లో పూర్తిగా

ఈ నెల విశాఖపట్నం నుంచి వచ్చిన ఉత్తరాలలో ఎక్కువ భాగం ఒకే వంటకం గురించి ఉన్నాయి. ఉడికించిన పాస్తాను సాస్‌తోనూ కూరగాయలతోనూ కలిపి, పైన చీజ్ పరిచి ఓవెన్‌లో కాల్చే క్యాసరోల్ అది. మన ఇళ్లలో క్యాసరోల్ అంటే చపాతీలను వేడిగా ఉంచే మూత డబ్బా గనుక ఒక మాట ముందుగా చెప్పాలి. ఫ్రెంచి భాషలో అది వంటపాత్ర పేరు. ఏ పాత్రలో వండితే ఆ పాత్రతోనే వడ్డించే వంటకానికి కూడా ఆ పేరే స్థిరపడింది. ఇటలీలో ఇటువంటి వంటకాన్ని పాస్తా అల్ ఫోర్నో అంటారు. ఓవెన్‌లో పెట్టిన పాస్తా అని దాని అర్థం.

ప్రశ్న: పాస్తాను ప్యాకెట్ మీద రాసినంత సేపూ ఉడికించి, వైట్ సాస్ కలిపి, చీజ్ వేసి 200 డిగ్రీల దగ్గర అరగంట ఓవెన్‌లో ఉంచాను. తీసి చూస్తే పైన ఎండిపోయింది, లోపల ముద్ద అయిపోయింది. కలిపేటప్పుడు సాస్ సరిగ్గా సరిపోయినట్టే ఉంది. పొరపాటు ఎక్కడ జరిగిందండీ?
– పాఠకురాలు, ఎం.వి.పి. కాలనీ

జవాబు: పొరపాటు రెండు చోట్ల జరిగిందమ్మా, ఆ రెండూ పాత్ర ఓవెన్‌లోకి వెళ్లకముందే జరిగాయి. ప్యాకెట్ మీద రాసిన సమయం, ఉడికించిన వెంటనే తినే పాస్తాకు ఉద్దేశించినది. మీ పాస్తా ఓవెన్‌లో మరో అరగంట సాస్ మధ్య ఉడుకుతుంది గనుక, ప్యాకెట్ పన్నెండు నిమిషాలు అంటే మీరు తొమ్మిదికే దించాలి. దమ్ బిర్యానీకి బియ్యాన్ని ముప్పాతిక వంతు ఉడికించి వార్చేస్తాము కదా, మిగిలిన పావు వంతు దమ్‌లో పూర్తవుతుందన్న నమ్మకంతో. ఇక్కడ చేయవలసిందీ అదే. ఒక ముక్కను తీసి చాకుతో అడ్డంగా కోయండి. నడుమ సన్నని తెల్లటి చుక్క కనిపించి, పంటి కింద గట్టిగా తగిలితే, అన్నం పలుకు మీద ఉంది అంటామే, ఆ స్థితికి వచ్చినట్టు. అప్పుడు వెంటనే వార్చండి. వార్చిన పాస్తాను చన్నీళ్లతో కడగడం చాలామందికి అలవాటు, కానీ ఈ వంటకానికి అది వద్దు. సాస్ పట్టుకునేది పైన అంటుకుని ఉన్న ఆ గంజి వల్లనే.

రెండవ పొరపాటు సాస్ చిక్కదనంలో ఉంది. పలుకు మిగిలిన పాస్తా ఓవెన్‌లో సాస్‌లోని తడిని పీల్చుకుంటుంది, కొంత తడి ఆవిరైపోతుంది, వైట్ సాస్‌లోని మైదా కూడా వేడికి ఇంకా బిగుసుకుంటుంది. ఈ మూడూ ఒకేసారి జరుగుతాయి గనుక, కలిపేటప్పుడు సరిపోయినట్టు కనిపించిన సాస్ కాలిన తరువాత ఎప్పుడూ చాలదు. కలిపిన వెంటనే పాత్రను ఒక పక్కకు వంచి చూడండి. సాస్ నెమ్మదిగా అంచు వైపు పారాలి. పారకపోతే పాస్తా ఉడికించిన గంజినీళ్లు కొద్దికొద్దిగా పోసి పలచన చేయండి. అందుకే వార్చే ముందు ఒక గ్లాసు గంజి పక్కన పెట్టుకోవాలని నేను ప్రతిసారీ చెబుతుంటాను.

కొలతలు కూడా అడిగే పాఠకులు ఉంటారు గనుక ఇస్తున్నాను. ఐదారుగురికి 300 గ్రాముల పాస్తా, అర లీటరు పైన మరో 100 మిల్లీలీటర్ల చిక్కటి పాలు, 40 గ్రాముల వెన్న, 40 గ్రాముల మైదా, 200 గ్రాముల చీజ్ తీసుకోండి. పాస్తా ఉడికించే నీరు మూడు లీటర్లకు తగ్గకూడదు, లీటరుకు రెండు చిన్న చెంచాల ఉప్పు పడాలి. వెన్న కరిగాక సన్న సెగ మీద మైదాను రెండు నిమిషాలు, రంగు మారకుండా, పచ్చివాసన పోయేదాకా వేయించి, పాలను ముందు పావు గ్లాసు, అది కలిసిపోయాక మరో పావు గ్లాసు చొప్పున పోస్తూ కలిపితే ఉండలు కట్టదు. ఐదారు నిమిషాలు ఉడికి గరిటెజారుగా వచ్చాక దించి, ఉప్పు, మిరియాల పొడి, చిటికెడు జాజికాయ పొడి వేయండి. చీజ్‌లో 50 గ్రాములు ఈ సాస్‌లో కలపాలి, అదీ దించిన తరువాతే. పొయ్యి మీద మరుగుతుండగా వేస్తే చీజ్ తీగలు సాగి గడ్డలుగా విడిపోతుంది.

ప్యాకెట్ వెనుక రాసిన పదార్థాల వరుసను కూడా ఒకసారి చదవండి. డ్యూరం గోధుమ రవ్వతో చేసిన పాస్తా రెండుసార్లు వేడి తగిలినా ఆకారం నిలుపుకుంటుంది, ఎందుకంటే ఆ గోధుమలో మాంసకృత్తు ఎక్కువ, గింజ గట్టిది. మనం ఉప్మాకు వాడే బన్సీ రవ్వ ఈ జాతి గోధుమదే. మైదాతో చేసి విడిగా తూచి అమ్మే మాకరోనీ ఈ వంటకానికి నిలవదు. గొట్టాల ఆకారంలో ఉండే పెన్నే, వంపు తిరిగిన మాకరోనీ, మెలికల ఫ్యూసిలీ, ఈ మూడింటిలో ఏదైనా మంచిదే.

పైన ఎండిపోకుండా ఉండడానికి మొదటి పదిహేను నిమిషాలు పాత్ర మీద అల్యూమినియం ఫాయిల్ కప్పి, తరువాత తీసేసి చీజ్ బంగారు రంగు తిరిగేదాకా మరో పది నిమిషాలు ఉంచండి. బయటికి తీసిన వెంటనే గరిటె పెట్టవద్దు. పది నిమిషాలు ఆగితే సాస్ కుదురుకుంటుంది, ముక్కలు చెదరకుండా వస్తాయి.

ప్రశ్న: టమాటా గుజ్జును వైట్ సాస్‌లో కలిపితే ఒక్కోసారి విరిగినట్టు అవుతోంది. రెండూ కలిపి చేయకూడదా?
– పాఠకురాలు, సీతమ్మధార

జవాబు: చేయవచ్చు. మజ్జిగ పులుసులో శనగపిండి గానీ బియ్యప్పిండి గానీ కలిపితే మరిగినా ఎందుకు విరగదో మీకు తెలుసు. పిండిలోని గంజి పదార్థం పాల మాంసకృత్తులు ఒకదానికొకటి అంటుకోకుండా అడ్డుపడుతుంది. వైట్ సాస్‌లో మైదా చేసే పని కూడా ఇదే గనుక, మైదా బాగా ఉడికి సాస్ చిక్కబడిన తరువాతనే టమాటా కలపాలి. టమాటా గుజ్జు నూనె తేలేదాకా మగ్గి, సాస్‌కు దగ్గరి వేడిలో ఉండాలి. రైతుబజారులో దొరికే నాటు టమాటాలు రుచికి మేలైనవే గాని పులుపు ఎక్కువ. వాటితో చేస్తే ఒక క్యారెట్‌ను సన్నగా తురిమి గుజ్జుతో పాటే మగ్గించండి.

నా మట్టుకు నేను రెండు సాస్‌లనూ కలపను. పాస్తాను టమాటా గుజ్జుతో కలిపి పాత్రలో పరిచి, దాని మీద వైట్ సాస్ పోసి, చీజ్ చల్లుతాను. తింటున్నప్పుడు పులుపూ కమ్మదనమూ వేర్వేరుగా తెలియడం నాకు ఇష్టం.

ప్రశ్న: అమ్మగారికి నమస్కారం. నేను ఉద్యోగరీత్యా అద్దె ఇంట్లో ఒంటరిగా ఉంటున్నాను, ఓవెన్ లేదు. కుక్కర్‌లో చేయవచ్చునా? చిన్న ఓటీజీ (కరెంటు ఓవెన్) కొనమని స్నేహితులు అంటున్నారు.
– పాఠకుడు, గాజువాక

జవాబు: బాబూ, కొనే ముందు మీ వంటగది సాకెట్ చూసుకోండి. 6 ఆంపియర్ల సాకెట్ సుమారు 1,380 వాట్ల వరకే భరిస్తుంది. కొన్ని ఓటీజీలు అంతకన్నా ఎక్కువ వాట్లవి, వాటికి 16 ఆంపియర్ల పెద్ద సాకెట్ ఉండాలి. అద్దె ఇళ్లలో అది తరచు గీజరు దగ్గర తప్ప మరెక్కడా ఉండదు.

ఓవెన్ లేకుండా కూడా ఈ వంట చక్కగా వస్తుంది. మూత ఉన్న మందపాటి పాత గిన్నె తీసుకుని, అడుగున ఉప్పు ఒక పొరగా పరిచి, మీద చిన్న స్టాండు పెట్టి, మూత వేసి మధ్యస్థమైన సెగ మీద పది నిమిషాలు వేడి చేయండి. కుక్కరే వాడదలచుకుంటే గాస్కెట్, వెయిట్ రెండూ తప్పనిసరిగా తీసేయాలి. నీరు లేకుండా వేడి చేయడం కుక్కర్‌కు మంచిది కాదు గనుక పక్కన పడేసిన పాతదాన్ని ఇందుకు కేటాయించండి. పాస్తా కలిపిన స్టీలు గిన్నెను స్టాండు మీద ఉంచి, సన్న సెగ మీద ఇరవై ఐదు నిమిషాలు ఉంచితే చీజ్ కరిగి అంతా ఒకటవుతుంది.

ఇందులో రాని వస్తువు ఒక్కటే, పైన కరకరలాడే ఆ బంగారు పొర, ఎందుకంటే ఇక్కడ వేడి కింది నుంచే తగులుతుంది. దానికి రెండు రోజుల నాటి బ్రెడ్‌ను పొడి చేసి, చెంచాడు వెన్నలో వెల్లుల్లి తురుముతో ఎర్రగా వేయించి, వడ్డించే క్షణంలో చల్లండి. ముందుగా వేయించి పళ్లెంలో వదిలేస్తే మన సముద్రపు గాలికి గంటలోనే మెత్తబడుతుంది. గాలి చొరని సీసాలో వేసి ఉంచండి.

ప్రశ్న: మా అత్తగారు శుద్ధ శాకాహారి. చీజ్‌లో దూడ కడుపులోని పదార్థం కలుస్తుందని ఎవరో చెప్పగా ఆవిడ ముట్టడం మానేశారు. అది నిజమేనా? ఆవిడకు కడుపు నిండేలా చేసి పెట్టాలని ఉంది.
– పాఠకురాలు, మద్దిలపాలెం

జవాబు: ఆవిడ విన్నదానిలో నిజం ఉంది, ఆవిడ సందేహాన్ని గౌరవించడం మీ మంచితనం. పాలు విరిచి చీజ్ చేయడానికి వాడే రెన్నెట్ అనే పదార్థాన్ని పూర్వం నుంచీ దూడ కడుపు నుంచే తీసేవారు. ఇటలీ నుంచి వచ్చే అసలైన పార్మిజానో రెజ్జానో చీజ్‌ను నేటికీ దానితోనే చేయాలన్నది అక్కడి నియమం. అయితే సూక్ష్మజీవుల నుంచి తయారుచేసే ఎంజైములు కూడా ఉన్నాయి, వాటితో చేసిన చీజ్ మన దేశంలో విరివిగా దొరుకుతుంది. ప్యాకెట్ మీద చతురస్రంలో ఆకుపచ్చ చుక్క ఉంటే అది శాకాహారం. ఆ గుర్తును అత్తగారికి స్వయంగా చూపించండి. పాస్తా ప్యాకెట్ మీద కూడా చూడాలి, కొన్ని దిగుమతి రకాలలో గుడ్డు కలుస్తుంది.

పైన పరచడానికి మొజరెల్లా వాడండి. క్యూబ్‌లుగా దొరికే ప్రాసెస్డ్ చీజ్ నునుపుగా కరుగుతుంది గాని సాగదు, సాస్‌లోకి అది బాగుంటుంది. పనీర్ వేడికి కరగదు. కనుక దాన్ని చీజ్‌కు బదులుగా పైన తురమకుండా, చిన్న ముక్కలుగా లోపల వేసుకోవాలి.

కడుపు నిండడానికి నేను చెప్పేది వంకాయ. సిసిలీ ద్వీపంలో వేయించిన వంకాయతో చేసే ఓవెన్ పాస్తాకు ఎంతో పేరుంది. వంకాయ రుచి ఎరిగిన మన ఇళ్లలో అది ఎందుకు ఇంకా చేరలేదో నాకు ఆశ్చర్యం. నాలుగైదు వంకాయలను చక్రాలుగా తరిగి, ఉప్పు రాసి ఇరవై నిమిషాలుంచి, నీరు పిండేసి, తుడిచి, నూనెలో రెండు వైపులా ఎర్రగా వేయించి, టమాటా పాస్తా పొరల మధ్య పరచండి. గుప్పెడు ఉడికించిన కాబూలీ శనగలు కూడా కలిపితే ఒక పూట భోజనం పూర్తవుతుంది. ఏ కూరగాయ వేసినా దాని నీరు ముందే ఇగిరిపోవాలి. పుట్టగొడుగులు, పాలకూర, క్యాప్సికం పచ్చిగా వేస్తే ఆ నీరంతా అడుగున చేరుతుంది.

ప్రశ్న: ఫిషింగ్ హార్బర్ దగ్గర తాజా రొయ్యలు తెచ్చి పాస్తాలో వేసి ఓవెన్‌లో పెడితే రబ్బరులా అయ్యాయి.
– పాఠకుడు, పెదవాల్తేరు

జవాబు: రొయ్యలను ముందే పూర్తిగా వండి ఉంటారు. శుభ్రం చేసి, తడి అద్ది, బాగా వేడెక్కిన మూకుట్లో నిమిషం మాత్రమే, రంగు మారడం మొదలయ్యేదాకా వేయించి దించండి. మిగతాది ఓవెన్ చూసుకుంటుంది. ఇటలీలో చాలామంది చేపలు, రొయ్యల మీద చీజ్ వేయరు. అంత కఠినంగా ఉండనక్కరలేదు గాని, సగానికి తగ్గిస్తేనే రొయ్య రుచి తెలుస్తుంది.

ప్రశ్న: పాప పుట్టినరోజుకు పదిహేను మందిని పిలుస్తున్నాము. ముందు రోజు రాత్రే కలిపి ఫ్రిజ్‌లో పెట్టుకోవచ్చా? మిగిలితే ఎన్నాళ్లు నిలవ ఉంటుంది?
– పాఠకురాలు, గోపాలపట్నం

జవాబు: పెట్టుకోవచ్చు. పదిహేను మందికి పైన చెప్పిన కొలతలను మూడింతలు చేసి, ఒకే పెద్ద పాత్రకు బదులు రెండు మూడు పాత్రలలో సర్దండి, లేకపోతే అంచులు మాడినా నడుమ చల్లగానే ఉంటుంది. రాత్రంతా పాస్తా తడి పీలుస్తూనే ఉంటుంది గనుక ఒక్కొక్క పాత్రకు అర గ్లాసు పాలు అదనంగా పోయండి. సాస్, పాస్తా రెండూ పూర్తిగా చల్లారాక కలిపి మూత పెట్టాలి. చీజ్ మాత్రం ఓవెన్‌లో పెట్టే ముందే చల్లండి. చల్లటి పాత్రకు ఫాయిల్ కప్పి 180 డిగ్రీల దగ్గర నలభై నిమిషాలు, విప్పి మరో పది నిమిషాలు కావాలి.

గాజు పాత్ర అయితే ఒక జాగ్రత్త. ఓ పండుగనాడు నేను ఫ్రిజ్‌లోంచి తీసిన గాజు పాత్రను నేరుగా కాగిన ఓవెన్‌లో పెట్టాను. అది నిలువునా పగిలింది, పదిమంది కోసం చేసిన వంట అంతా పారబోయవలసి వచ్చింది. కనీసం అరగంట బయట ఉంచి, చలి పోయిన తరువాతే పెట్టండి.

మిగిలినదాన్ని వండిన రెండు గంటల లోపల ఫ్రిజ్‌లోకి చేర్చాలి, విశాఖ వేసవిలో అయితే గంట లోపలే. ఉడికిన పాస్తా, పాలు రెండూ ఉక్కపోతలో త్వరగా పాడయ్యేవే, పాడైన సంగతి వాసనను బట్టి తెలియకపోవచ్చు కూడా. ఫ్రిజ్‌లో రెండు రోజులకు మించి ఉంచవద్దు. తిరిగి వేడి చేసేటప్పుడు ఒక్కొక్కరికి కావలసినంతే తీసి, రెండు చెంచాల పాలు చిలకరించి, మూత పెట్టి, నడుమ నుంచి పొగలు వచ్చేదాకా వేడి చేయండి. ఒకసారి వేడి చేసినదాన్ని మళ్లీ ఫ్రిజ్‌లో పెట్టకండి.