ఫుల్ స్క్రీన్ గేమ్‌లోంచి బయటికి రావాలంటే ఫోన్ స్విచ్ ఆఫ్ చేయాల్సిందేనా?

మీ ప్రశ్న చదివి నవ్వొచ్చింది. మీ మీద కాదు, నా మీదే. "మా అమ్మ ఫోన్లో లూడో తెరిస్తే కింద ఉండే మూడు బటన్లూ మాయమైపోతున్నాయి. బయటికి రావడానికి ప్రతిసారీ ఫోన్ స్విచ్ ఆఫ్ చేసి ఆన్ చేసుకుంటోంది. వేరే దారి లేదా?" అని అడిగారు. ఉంది. కానీ రెండేళ్ళ క్రితం వరకూ మీ అమ్మగారు చేస్తున్న పనే నేనూ చేసేదాన్ని.

ముందు జవాబు చెప్పేస్తాను, సొంత గోడు తర్వాత. ఆ బటన్లు ఎక్కడికీ పోలేదు, స్క్రీన్ అంచు వెనక దాక్కున్నాయి. అంచు మీద వేలు పెట్టి లోపలికి ఒకసారి జరిపితే సన్నగా, పారదర్శకంగా మళ్ళీ కనిపిస్తాయి. రెండు మూడు సెకన్లు ఉండి మళ్ళీ దాక్కుంటాయి. ఆలోపే మధ్యలో ఉన్న హోమ్ బటన్ నొక్కేయాలి. బటన్లు లేకుండా కింద సన్న గీత మాత్రమే ఉండే ఫోనైతే కిందనుంచి పైకి రెండుసార్లు జరపాలి. మొదటిసారి ఆ గీత కనిపిస్తుంది, రెండోసారి గేమ్ బయటికి వస్తారు. చాలామంది ఒకసారి జరిపి, ఏమీ అవలేదని వదిలేస్తారు. అసలు కిటుకు ఆ రెండోసారిలోనే ఉంది.

ఇక నా కథ. గాజువాకలో మా అక్కావాళ్ళింటి నుంచి ఆటోలో తిరిగొస్తున్నాం. మా బాబుకి అప్పుడు ఐదేళ్ళు. దారంతా అల్లరి చేయకుండా ఉంటాడని నా ఫోన్లో కార్ల రేస్ పెట్టిచ్చాను. ఎన్ఏడీ జంక్షన్లో దిగాం. పర్సులో ఐదొందల కాగితం తప్ప చిల్లర లేదు. ఆటో డబ్బులు ఫోన్లో వేసేద్దామని వాడి చేతిలోంచి లాక్కుంటే స్క్రీన్ నిండా రోడ్డు, కారు, పైన స్కోరు. బటన్లు లేవు. వేలితో ఎటు తోస్తే కారు అటు పోతోంది. ఢాం అని గుద్దుకుంటోంది, మళ్ళీ బయల్దేరుతోంది. మావాడు పక్కనుంచి "అమ్మా, నా లెవెల్ పోయింది" అని ఏడుపు. వెనక బస్సు హారన్. నాకు చెమటలు పట్టాయి. మన విశాఖ ఉక్కపోతలో మామూలుగానే పడతాయనుకోండి, ఇవి వేరే చెమటలు.

చివరికి పవర్ బటన్ నొక్కిపట్టి ఆపేశాను. ఆపడం తేలికే. ఆన్ అవడానికి ఎంతసేపు పడుతుందో అప్పుడు తెలిసింది. కంపెనీ బొమ్మ వచ్చింది, వెళ్ళింది, మళ్ళీ వచ్చింది. తీరా ఆన్ అయ్యాక వేలిముద్ర తీసుకోదు. ఆపి ఆన్ చేసిన ఫోను మొదటిసారి పిన్ నెంబరే అడుగుతుంది. కంగారులో అది రెండుసార్లు తప్పు కొట్టాను. ఆ తర్వాత సిగ్నల్ రావాలి. ఆటో అతను ఇంజిన్ ఆపేసి, "ఏటమ్మా, అవ్వట్నేదా? పోనీ నా నెంబరు రాసుకోండి, ఇంటికెళ్ళాక ఎయ్యండి" అన్నాడు. చీరల షాపు బిల్లు వెనక రాసుకున్నాను. ఇంటికెళ్ళగానే వేశాను కూడా. అయినా ఆ సిగ్గు రెండ్రోజులు పోలేదు.

తర్వాతి ఆదివారం మా అక్క కొడుకు వచ్చినప్పుడు చెప్పాను. వాడు పాలిటెక్నిక్ చదువుతున్నాడు. "పిన్నీ, దానికి స్విచ్ ఆఫ్ చేసేసేవా?" అని పడీపడీ నవ్వి, ఇందాక నేను పైన రాసిందే చూపించాడు. నేర్చుకోవడానికి అర నిమిషం పట్టింది.

ఇందులో అందరినీ తికమక పెట్టేది "ఏ అంచు?" అన్నదే. నిలువుగా ఆడే గేమ్ అయితే గొడవ లేదు, కిందనుంచి పైకి. రేసుల్లాంటివి ఫోన్ అడ్డంగా తిప్పి ఆడతాం కదా, అక్కడే తప్పటడుగు. మూడు బటన్లు ఉండే ఫోన్లో, ఫోన్ అడ్డంగా తిప్పినా బటన్లు మనతో తిరగవు. ఛార్జర్ పెట్టే కన్నం ఎటుంటే అటే ఉంటాయి. కాబట్టి ఆ వైపు అంచు నుంచి లోపలికి జరపాలి. ఆ రోజు నేను పొట్ట వైపు అంచు నుంచి పైకి లాగుతూ కూర్చున్నాను, బటన్లేమో కుడిచేతి బొటనవేలి కింద ఉన్నాయి. గీత ఉండే ఫోన్లో దీనికి వ్యతిరేకం. ఫోన్ ఎటు తిప్పితే గీత కూడా అటు తిరిగి, మన పొట్ట వైపు ఉండే పొడుగు అంచుకి వచ్చేస్తుంది. అక్కడినుంచి పైకి రెండుసార్లు. ఏది ఏ రకమో గుర్తులేకపోతే, ఆండ్రాయిడ్ ఫోన్లో పై అంచు నుంచి కిందికి కొంచెం లాగి చూడండి. టైమూ బ్యాటరీ చూపించే పై పట్టీతో పాటు దాక్కున్న బటన్లు కూడా మామూలుగా బయటపడతాయి.

ఇలా దాచడమెందుకు అని నాకూ కోపం వచ్చింది. కారణం లేకపోలేదు. 2013లో ఆండ్రాయిడ్ 4.4 వచ్చినప్పుడు గేమ్‌లకీ వీడియోలకీ స్క్రీన్ మొత్తం వాడుకునే వీలిచ్చారు. గేమ్ ఆడేవాళ్ళ వేళ్ళు ఎప్పుడూ అంచుల మీదే ఉంటాయి. పొరపాటున వేలు తగిలినప్పుడల్లా ఆట మధ్యలో ఆగిపోతే ఎవరికైనా ఒళ్ళు మండుతుంది. అందుకని మొదటి స్పర్శకి బయటికి పంపకుండా, బటన్లు మాత్రం చూపించి ఊరుకునేలా పెట్టారు. తలుపు తట్టినట్టన్నమాట, నిజంగా వెళ్ళాలనుకుంటే ఇంకోసారి నొక్కండి అని. 2019లో ఆండ్రాయిడ్ 10తో బటన్లు తీసేసి వేలి కదలికలతోనే అన్నీ చేసే పద్ధతి వచ్చింది. కిందనుంచి పైకి అంటే హోమ్, పైకి జరిపి అక్కడే ఆపితే ఇటీవల వాడిన యాప్‌ల వరస, ఎడమ లేదా కుడి అంచు నుంచి లోపలికి అంటే బ్యాక్. గేమ్‌లో ఉన్నప్పుడు వీటికీ ఆ రెండుసార్ల నియమం ఉంటుంది. ఐఫోన్ వాళ్ళకి 2017లో వచ్చిన ఐఫోన్ టెన్‌తో హోమ్ బటన్ పోయి కింద గీత వచ్చింది. అక్కడ కూడా కొన్ని గేమ్‌లు ఒక్క జరుపుకే బయటికి వదులుతాయి, కొన్నింటికి రెండోసారి కావాలి. గుండ్రటి బటన్ ఉన్న పాత ఐఫోనైతే నొక్కితే చాలు, ఏ బాధా లేదు.

పెద్దవాళ్ళకి నేర్పేటప్పుడు బ్యాక్ జోలికి పోకండి. కొన్ని గేమ్‌లలో బ్యాక్ నొక్కితే ఎగ్జిట్ చేయాలా అని అడుగుతుంది, కొన్నింటిలో మెనూ వస్తుంది, కొన్నింటిలో అసలేమీ అవదు. హోమ్ ఒక్కటే నమ్మకంగా పనిచేస్తుంది.

మా అత్తగారితో వచ్చిన తంటా ఇంకో రకం. ఆవిడకి క్యారమ్స్ పిచ్చి. ఫోన్‌కి జగదాంబ దగ్గర కొన్న లావుపాటి రబ్బరు కవరు వేశారు. నేను నేర్పినట్టే చేస్తున్నారు, కానీ ప్రతిసారీ స్ట్రైకర్ కదులుతోందే తప్ప కింద గీత రావడం లేదు. "మీ అక్క కొడుకు చెప్పింది నీ ఫోన్‌కే పనిచేస్తాదేమోనే" అన్నారు. పక్కన కూర్చుని ఆవిడ వేలే చూశాను. కవరు అంచు అద్దం కంటే ఎత్తుగా, చేనుగట్టులా ఉంది. వేలు ఆ గట్టు దాటి లోపల పడుతోంది, అక్కడినుంచి పైకి పోతోంది. అంటే అంచు తగలకుండానే మొదలవుతోంది. అది గేమ్‌కి ఆటలా కనిపిస్తుంది. "అత్తయ్యా, వేలు రబ్బరు మీద పెట్టి, అక్కడినుంచి అద్దం మీదికి ఈడవండి" అన్నాను. మొదటిసారికే గీత వచ్చేసింది. పకోడీలు తిన్న జిడ్డు వేలైనా, చెమట వేలైనా ఇదే సమస్య. ఓసారి కొంగుకి తుడుచుకుని ప్రయత్నించమని చెప్పండి.

అయినా ఆవిడకి ఆ గీత నచ్చలేదు, మూడు బటన్లే కావాలన్నారు. అది మార్చుకోవచ్చు. సెట్టింగ్స్ తెరిచి పైన వెతికే చోట నావిగేషన్ అని కొట్టండి. ఆ మెనూ ఒక్కో కంపెనీ ఫోన్లో ఒక్కోచోట ఉంటుంది. శాంసంగ్‌లో డిస్‌ప్లే కింద ఉంటుంది, అందుకే వెతుక్కోవడమే తేలిక. అక్కడ మూడు బటన్లా, జెశ్చర్సా (అంటే గీతతో వేలి కదలికలా) అని అడుగుతుంది. ఒక మాట, శాంసంగ్ ఫోన్లలో మామూలుగా బ్యాక్ కుడివైపు ఉంటుంది, చాలా ఇతర ఫోన్లలో ఎడమవైపు. కొత్త ఫోన్ కొన్నాక బ్యాక్ అనుకుని వేరేది నొక్కేది అందుకే. పెద్దవాళ్ళ చేతికి అలవాటైన వరస ఏదో చూసి అలాగే పెట్టండి.

హోమ్ నొక్కితే గేమ్ మూతపడదు, పక్కకి జరుగుతుందంతే. పూర్తిగా మూయాలంటే ఇటీవలి యాప్‌ల వరస తెరిచి, ఆ గేమ్ కార్డుని పైకి విసిరేయాలి. కొన్ని ఫోన్లలో పక్కకి. గేమ్‌లు బరువైనవి కాబట్టి వాటిని ఇలా మూయడంలో అర్థముంది. మా ఆయన గంటకోసారి వాట్సాప్‌తో సహా అన్నీ ఊడ్చేస్తుంటారు, అదేదో ఇల్లు శుభ్రం చేసినట్టు. దానివల్ల ఒరిగేదేమీ లేదు. మళ్ళీ తెరిచినప్పుడు మొదటినుంచీ లోడ్ అవ్వాలి, దానికే బ్యాటరీ ఖర్చు.

చాలాసార్లు గేమ్ ఇరుక్కుపోయిందనుకునేది నిజానికి ప్రకటన. ఉచిత గేమ్‌లలో ఆట అవగానే స్క్రీన్ నిండా వీడియో వస్తుంది, కాసేపు ఇంటూ గుర్తు కూడా ఉండదు. తర్వాత మూలన మినుముగింజంత కనిపిస్తుంది. వేలు పక్కన పడితే ప్లే స్టోర్ తెరుచుకుంటుంది. అక్కడ ఇన్‌స్టాల్ మాత్రం నొక్కవద్దని మీ అమ్మగారికి గట్టిగా చెప్పండి. విసుగొస్తే ఇందాకటి పద్ధతిలో హోమ్‌కి వచ్చి, కార్డు పైకి విసిరేసి, గేమ్ మళ్ళీ తెరవచ్చు. ఆ ప్రకటన చూస్తే ఇస్తామన్న నాణేలు పోతాయి, అంతే.

రెండుసార్లు జరిపినా, సరైన అంచే పట్టుకున్నా బయటికి రాకపోతే, యాప్ పిన్ చేసి ఉందేమో చూడండి. ఒకే యాప్‌లో ఫోన్‌ని కట్టేసే సదుపాయం ఇది, ఆండ్రాయిడ్ 5 నుంచీ ఉంది. ఇంట్లో పిల్లలుంటే తెలియకుండా ఆన్ చేసేస్తారు. మూడు బటన్ల ఫోన్లో బ్యాక్, ఇటీవలి యాప్‌ల బటన్ రెండూ ఒకేసారి నొక్కిపట్టాలి. గీత ఉన్నదాంట్లో పైకి జరిపి అలాగే పట్టుకోవాలి. ఐఫోన్లో ఇలాంటిదే గైడెడ్ యాక్సెస్. పక్క బటన్ మూడుసార్లు గబగబా నొక్కి పాస్‌కోడ్ కొట్టి, ఎండ్ అన్నది నొక్కితే విడుస్తుంది. ఇప్పుడు నేను మావాడికి ఫోన్ ఇచ్చేటప్పుడు కావాలనే గేమ్ పిన్ చేసి ఇస్తున్నాను. లేకపోతే వాడు ఆఫీసు గ్రూపులో ఏనుగు బొమ్మలు పంపిస్తాడు.

నిజంగానే ఫోన్ బిగుసుకుపోతే, అంటే ఏం నొక్కినా ఉలుకూ పలుకూ లేకపోతే, అప్పుడే ఆపడం. చాలా ఆండ్రాయిడ్ ఫోన్లలో పవర్, వాల్యూమ్ తగ్గించే బటన్ రెండూ కలిపి పది సెకన్లకి పైగా పట్టుకుంటే రీస్టార్ట్ అవుతుంది. ఒకే గేమ్ రోజూ ఇలా చేస్తుంటే తీసేయండి, లూడోలకి కొరత లేదు.

వేలు వణికేవాళ్ళకి, అంచు నుంచి జరపడం కష్టమయ్యేవాళ్ళకి, ఆండ్రాయిడ్ సెట్టింగ్స్‌లో యాక్సెసిబిలిటీ మెనూ అని ఉంది. ఐఫోన్లో అసిస్టివ్ టచ్. చిన్న బటన్ స్క్రీన్ మీద తేలుతూ ఉంటుంది, దాన్ని తాకితే ఇలాంటి పనులన్నీ పెద్ద పెద్ద గుర్తులతో వస్తాయి. మా మావయ్యగారికి అదే పెట్టాం. ఆటలాడరు గానీ, తెరిచిన వార్తల వీడియో ఎలా ఆపాలో తెలియక ఆయన కూడా ఫోన్ దిండు కింద పెట్టేసేవారు.

మీ అమ్మగారితో ఈ సాయంత్రం లూడో తెరిపించి, సౌండ్ తగ్గించి, నాలుగైదుసార్లు బయటికి రావడం, మళ్ళీ వెళ్ళడం చేయించండి. మీరు చేసి చూపిస్తే గుర్తుండదు, ఆవిడ వేలితోనే చేయించాలి. అప్పటికీ రాకపోతే ఏ కంపెనీ ఫోనో, కింద మూడు బటన్లున్నాయో గీత ఉందో, కవరు వేశారో లేదో ఇక్కడే రాయండి. రాత్రి బాబు పడుకున్నాక చూసి చెప్తాను.